బాపు తంబూరకు నేను చేసిన ఫిట్టింగ్

ఎవలి తండ్రి పోతె వాళ్లింట్ల ఏడుపులుంటయ్. మా బాపు పదో దినం నాడు మా వాకిట్ల వాడకట్టంత పొట్టలు వట్టుకోని నవ్వింది. ఎవలను జూసి? నన్నే! జర ఆగుండ్రి, టోపి తీస్త. గుండు మీద గీ ఎర్ర గీత కనవడుతుందా? తంబూర తీగె కొట్టింది. తంబూరతోటి దెబ్బలు తిన్నోణ్ని మీరెప్పుడన్న చూసిండ్రా? చూడకుంటె ఇప్పుడు చూడుండ్రి, పుణ్యానికే!

నవ్వుండ్రి, నవ్వుండ్రి. నవ్వుతరని తెలిసే చెప్తున్న. కడుపుల పెట్టుకుంటె నాకు నిద్ర వడుతలేదు. కరెంటు ఎట్లాగు పోయింది, సాంచెలు బందున్నయ్. మన ఊర్ల ఒకల మాట ఒకలకు ఇనవడేది గీ జరంత సేపే. ఇంకో చాయ్ చెప్పుండ్రి.

గీ చెన్నూరు తమ్ముడు కొత్తగ వచ్చిండు, ఆయన కోసం చెప్తున్న. సాంచె అంటె కరెంటు మగ్గం. నేను జాబర్‌ను, అంటె సాంచె మొరాయిస్తె బాగు చేసెటోణ్ని. తమ్మీ, సాంచెకు అన్నిటికన్న పెద్ద దుష్మన్ ఎవరో తెలుసా? వణుకుడు. ఓ బోల్ట్ జర లూజయిందంటె సాంచె మొత్తం వణుకుతది. వణికితె పోగులు తెగుతయ్, బట్ట ఖరాబయితది, సేట్ నా మీద లేస్తడు. అందుకే నా బతుకంత వణికేదాన్ని వణకకుంట చేసుడే. వాషర్ ఏస్త, రబ్బరు పెడ్త, నూనె పోస్త, టైట్ చేస్త. ఏదన్న వణుకుతుందంటె చాలు, నా చేతులు ఊకోవు. మా ఇంట్ల మంచం కోళ్ల కింద రబ్బరు, బల్ల కింద రబ్బరు, నీళ్ల డ్రమ్ము కింద రబ్బరు. మా ఇంటామె అంటది, “నీకు సలిజరమొస్తె గూడ కింద ఇంత రబ్బరు పెట్టుకోని పండుతవేమో” అని.

గిది గుర్తు పెట్టుకోండ్రి. నా కొంప ముంచింది గీ అలవాటే.

మా బాపు సంగతి మీకు తెల్వంది కాదు. మొదట చేనేత మగ్గం, తర్వాత సాంచెలు. నూలు దుమ్ము ఛాతిల వోయి కూసున్నది. ఆఖరికి నాలుగు అడుగులేస్తె దమ్ము. అంత బక్కగయిండు, ఆయన పక్క మీద దుప్పటి కప్పితె కింద మనిషున్నడో లేడో తెలిసేటిది కాదు. పాణం పోయినప్పుడు గూడ ఎవలకు తెల్వలే. పక్కింట్ల సాంచెలు నడుస్తున్నయ్, నేను కార్ఖానాల ఉన్న. కాళ్ల కాడ నన్ను కన్న అవ్వ ఒక్కతే ఉన్నది. ఆమె మొత్తుకుంటె ఇరుగు పొరుగుకు ఇనవడలేదంట. బయటికొచ్చి చేతులు ఊపితె అప్పుడు వచ్చిండ్రంట.

బాపుకు బతుకుల ఉన్నది ఒక్కటే షోకు, తంబూర. బాసరకు పోయినప్పుడు గోదారి ఒడ్డున ఓ మరాఠీ భజనాయన దగ్గర పట్టుకొచ్చిండంట. ఎండిన పెద్ద సొరకాయ బుర్ర, దాని మీద సన్నటి కట్టె పలక, పొడుగు దండె, నాలుగు తీగెలు. మార్కండేయ గుడిల భజన అయితె బాపు వెనుక వరుసల కూసోని తంబూర మీటెటోడు. పాట పాడెటోడు కాదు. అడిగితె, “పాడెటోళ్లు మస్తున్నరు, పట్టుకోని కూసునెటోడు ఒకడుండద్దా?” అనెటోడు. ఇంట్ల గూడ పొద్దుమీకి దీపం పెట్టే యాళ్ల జర సేపు మీటెటోడు. అవ్వ పక్కన చాటల ఆకేసుకోని బీడీలు చేసుకుంట ఇనేది. ఇద్దరు మాట్లాడుకునుడు నేను పెద్దగ చూడలే. గా తంబూర సప్పుడే వాళ్ల మాట.

ఇగ బాపును ఎత్తుకపోయే నాడు. అవ్వ రాగం తీసి ఏడుస్తుంది. ఏడుపంటె ఏడుపు కాదు, ఒళ్లంత వణుకుతుంది, గాజులు గలగలమంటున్నయ్. అది చూసి నేనేం చేసిన? రెండు భుజాలు గట్టిగ వట్టుకున్న. “ఊకో అవ్వా! ధైర్యం చెయ్యి! నువ్వే గిట్లయితె మేమెట్ల గావాలె?” అని గట్టిగ అన్న. అవ్వ నా మొఖం దిక్కు ఓసారి చూసింది. గంతే, నోరు మూసింది. వణుకుడు ఆగింది. పెద్ద ఘనకార్యం చేసిననుకున్న.

తెల్లారి చూస్తె మాట గూడ ఆగింది!

అన్నం పెడితె నాలుగు మెతుకులు. పిలిస్తె చూసుడు, గంతే. చుట్టపు ఆడోళ్లు వచ్చి మీద వడి ఏడుస్తుండ్రు, అవ్వ గోడకానుకోని గోడ తీరుగనే ఉన్నది. బొట్టు తీసే కాడ, గాజులు తీసే కాడ, చూడలేక మా ఇంటామె చెంగు నోట్ల గుక్కుకోని బయటికి ఉరికింది. అవ్వ కంట్ల చుక్క నీళ్లు లేవు. నేను భయపడ్డ. ఊరికే చెప్తలేను, నిజంగ భయపడ్డ. బాపు ఎనుకనే ఈమె గూడ పోతదా అని.

మా భూలక్ష్మి అక్కను ఇచ్చోడ అనే ఊర్ల ఇచ్చినం గదా. అక్క నోరు మీకు తెలుసు. నన్ను వంటింట్లకు గుంజింది.

“ఇదంత నీ పనే రా! ఆ రోజు ఊకో ఊకో అన్నది ఎవలు?”

“ధైర్యం చెప్పద్దా అక్కా?”

“ధైర్యమా! ఏడ్సేదాన్ని ఏడ్వనియ్యాలె. లోపట పెట్టుకుంటె గుండె పలుగుతది. ఎట్లన్న చేసి అవ్వను ఏడిపియ్యి.”

“నేనెట్ల ఏడిపియ్యాలె? గిచ్చాల్నా?”

“నీ మొఖం! పదో దినం నాడు భజనోళ్లు వస్తరు గదా. బాపు తంబూర మోగాలె. అది ఇంటె అవ్వ ఆగది. నువ్వు మాత్రం దాని జోలికి పోకు. ఉన్నది ఉన్నట్టు నర్సయ్య కాక చేతుల పెట్టు. ఇంటున్నవా? ముట్టకు!”

నర్సయ్య కాక అంటె భజనల హార్మోనియం వాయించేటాయన, బాపుకు చిన్నప్పటి దోస్త్. ఆయన గూడ గిదే మాటన్నడు, “గోడకున్నట్టే ఉండనియ్యి కొడుకా, నేనొచ్చి చూసుకుంట” అని.

ఇద్దరు ముట్టకుమన్నరు. ముట్టకుంట ఎట్లుంట? దుమ్మన్న దులుపుదామని కిందికి దించిన. ఒళ్లె పెట్టుకోని ఓ తీగె మీటిన.

జుమ్మ్...మ్మ్...మ్మ్...

తీగె వణుకుతుంది. తీగె కింద పీట వణుకుతుంది. పలక వణుకుతుంది, బుర్ర వణుకుతుంది, ఆఖరికి నా తొడ గూడ వణుకుతుంది! చెయ్యి తీసినా ఆగుతలేదు! అర్రె, ఎంత లూజున్నదిరా గిది! బాపు పాపం ముసలోడు, చూసుకోలేదు, ఇన్ని ఏండ్లు గిట్లనే ఎళ్లదీసిండు అనుకున్న. కండ్లల్ల నీళ్లు గూడ తిరిగినయ్. బతికున్నప్పుడు ఒక్కసారన్న నా తంబూర చూడురా అని అడుగకపాయె!

మీ మీద ఒట్టు, గప్పుడు నా మనసుల బాపు మీద ప్రేమ తప్ప ఏం లేదు. స్క్రూడ్రైవర్, చిమ్ట, సైకిల్ ట్యూబ్, నూనె డబ్బ పక్కన పెట్టుకోని కూసున్న.

మొదలు తీగెల కింద చూస్తె, పీట మీద ఒక్కొక్క తీగె కింద ఒక్కొక్క దారం ముక్క ఇరికున్నది. మన ఇండ్లల్ల దారం ముక్క అంటని జాగుంటదా? అన్నంల వస్తది, చాయ్‌ల వస్తది, పోరగాండ్ల ముక్కులల్ల వస్తది. ఏండ్ల సంది కొట్టుకవచ్చిన చెత్త అనుకున్న. ఊదితె పోలే. చిమ్టతోటి ఒక్కొక్కటి గుంజి పారేసిన. మళ్ల మీటి చూస్తె గా జుంజుం జర తగ్గింది. చూసిండ్రా! రోగం దొరికింది అనుకున్న. హుషారొచ్చింది.

తీగెలు జర లేపిన. లేపితె పీట జారి నా చేతులకు వచ్చింది! దానికి ఓ మొల లేదు, ఓ స్క్రూ లేదు. తీగెల బరువుకే కూసున్నది, ఇంకేం ఆధారం లేదు. గింత అన్యాలమా? సైకిల్ ట్యూబ్ కోసి రెండు మడతలు ఏసి, పంచర్ సొల్యూషన్ రాసి, పీట కింద మంచిగ బెడ్డింగ్ పెట్టిన. ఇగ కదుల్తదా? దాని తాత గూడ కదలడు.

తర్వాత బుర్ర. కొట్టి చూస్తె గుల్ల. గుల్లున్న కాడ వణుకుడుంటది, జాబర్ పనిల మొదటి పాఠం గిదే. దాంట్ల ఎలుక పిల్లలు పెడ్తె ఇంకో పరేషాన్. పలక మీద ఓ గుండ్రటి రంధ్రమున్నది. కార్ఖానాల మనం చేతులు తుడ్సుకునే దారాల వేస్ట్ సంచెడు తెచ్చి, స్క్రూడ్రైవర్‌తోటి గా రంధ్రంల నుంచి గుక్కిన గుక్కిన, ఇంక పట్టదన్నదాక గుక్కిన. ఆఖరికి తీగెలకు ఇంత నూనె రాసి, తీగెలు చుట్టిన బిరడాలు తిప్పి టైట్ చేసిన.

ఓ సంగతి మీరు అడుగాలె. అడుగుతలేరు. టెస్ట్ చేసినవా లేదా అని!

చేసిన. గని చెవులతోటి కాదు. పక్కింటి సాంచెలు దడదడమని నడుస్తున్నయ్, ఏం ఇనవడుతది? జాబర్ టెస్ట్ చేసేది చెయ్యితోటి. తీగె మీటి పలక మీద చెయ్యి పెట్టిన. వణుకు లేదు. బుర్ర మీద పెట్టిన. లేదు. బండ మీద చెయ్యి పెట్టినట్టే ఉన్నది. ఫస్ట్ క్లాస్! బట్ట కప్పి గోడకు తగిలేసిన.

పదో దినం పొద్దుగాల మానేరు ఒడ్డుకు పోయినం. గుండు గీకిచ్చిండ్రు. బాపు కాకి రూపంల వచ్చి ముడుతడని పిట్టకు ముద్ద పెట్టినం. ఇస్తారాకు ముంగట పెట్టి అందరం దూరం జరిగి నిలవడ్డం. పిట్ట వస్తలేదు. పక్క చెట్టు మీదనే ఉన్నది, మెడ తిప్పి నన్నే చూస్తుంది, దిగుతలేదు. నర్సయ్య కాక చేతులు జోడిచ్చి, “నీ కొడుకు రాజేశం అవ్వను మంచిగ చూసుకుంటడు. పొద్దుమీకి నీ తంబూర మోగుతది. మనసుల ఏం పెట్టుకోకు” అన్నడు. తంబూర మాట రాంగనే పిట్ట ఇంకో కొమ్మ మీదికి ఎగిరింది! గప్పుడన్న నాకు అర్థం కావాలె. చానా సేపటికి ఆకలయి వచ్చి ముట్టింది గని ఇష్టంగ ముట్టలే.

పొద్దుమీకినంక వాకిట్ల జంపఖానాలు పరిసినం. మనోళ్లు మంచోళ్లు. భజన అయ్యేదాక వాడకట్టు సాంచెలన్ని బంద్ పెట్టిండ్రు. సప్పుడు లేక ఊరు ఊరు తీరు లేదు. ఎవలన్న దగ్గినా ఇనవడుతుంది. ఆడోళ్లు అరుగు మీద కూసున్నరు, మధ్యల అవ్వ, గోడకానుకోని. బాపు ఫోటోకు పూల దండ. అక్క నా దిక్కు కండ్లతోటే ‘ఇయ్యి, తంబూర కాకకు ఇయ్యి’ అంటుంది.

నేనెందుకిస్త? పెద్ద కొడుకును. నేనే మీట్త అన్న. బట్ట తీసిన. నూనె రాసిన తీగెలు దీపం ఎలుగుల తళతళమంటున్నయ్. కాక హార్మోనియం మీద శ్రుతి ఇచ్చిండు. అందరు కండ్లు మూసుకున్నరు. బాపును తలుచుకోని మీటిన.

దబ్.

కాక ఓ కన్ను తెరిచిండు. “ఇంకోసారి కొట్టు కొడుకా.”

దబ్. దబ్.

గోనె సంచిని కట్టెతోటి కొట్టినట్టు! ఎనుకనుంచి ఓ పొట్టె పోరడు కిసుక్కుమన్నడు. వాళ్లవ్వ వాని నోరు మూసింది గని ఆమె భుజాలు గూడ ఊగుతున్నయ్. తాళాలు పట్టుకున్నాయన, “రాజేశం, తడిసిందా ఏంది?” అన్నడు. అక్క అయితె తలకాయ కొట్టుకుంది.

“ముట్టకుమంటి గద రా! ఏం జేసినవ్ దానికి?”

“జర ఫిట్టింగ్ చేసిన” అన్న.

“ఫిట్టింగా! అది తంబూర్నా, బోరింగా?”

ఇగ చూడు నవ్వులు! సావు ఇల్లని గూడ లేదు. నాకు చెమటలు. ఎందుకంటె గా నవ్వుల నడుమ అవ్వను చూసిన. సప్పుడు అయితదని ఆమె గూడ చూస్తుంది. పది దినాలల్ల మొదటిసారి ఆమె దేనికోసమో ఎదురుచూసుడు నేను చూసిన. దబ్ అన్నంక మెల్లగ మొఖం తిప్పుకుంది. బాపు పోయిండు, ఆయన ఎనుక మిగిలిన ఒక్క సప్పుడును గూడ నేనే సంపిన అనిపిచ్చింది.

శ్రుతి తక్కువున్నదేమో అని బిరడ ఇంకింత తిప్పిన. టైట్ చేసుడు తప్ప నాకేం వస్తది? టఠంగ్! తీగె తెగి వచ్చి కొత్త గుండు మీద చెల్లుమన్నది. అబ్బా అని మొత్తుకున్న. గా మొత్తుకుడు మాత్రం వాడకట్టంత ఇనవడ్డది!

గుండు మంటలేస్తుంది. తెగిన తీగె ఓ కొస కాలి బొటనవేలికి చుట్టుకున్న, ఇంకో కొస ఎడమ చెయ్యితోటి పట్టుకున్న. ఉత్త తీగె అయినా మోగుతదేమో అని గుంజి మీటి చూసిన. దోమ ఎగిరినంత సప్పుడు గూడ రాలే. అప్పుడు నా మొద్దు బుర్రల ఎలిగింది. తీగె ఒక్కటే ఏం మోగుతది? సాంచెల మోటర్ తిరిగితె సరిపోతదా? పట్టా తిరగాలె, చక్రం తిరగాలె, అప్పుడు గద బట్ట వచ్చేది. గిక్కడ గూడ గంతే. తీగె వణికి పీటను వణికియ్యాలె, పీట పలకను, పలక బుర్రల గాలిని. గంత పెద్ద బుర్రల గాలి ఊగితె అప్పుడు మన చెవులదాక వస్తది సప్పుడు. వణుకుడు దానికి రోగం కాదు, పాణం! నేనేమో ప్రతి కాడ బ్రేకు ఏసుకుంట వచ్చిన!

ఇగ ఉన్నకాడనే కూసోని అన్ని ఊడదీసుడు మొదలువెట్టిన. భజన లేదు ఏం లేదు, అందరు నా చుట్టు మూగిండ్రు. దారం గుంజే కొండి తెప్పిచ్చి బుర్రల పెట్టి గుంజిన. వేస్ట్ కొస దొరికింది. గుంజుతున్న, వస్తుంది. గుంజుతున్న, వస్తనే ఉన్నది. ఎర్రది, పచ్చది, నీలిది. పోరగాండ్లు ‘ఇంకా ఉన్నది, ఇంకా ఉన్నది’ అని చప్పట్లు. దారం పోచులు ఎగిరి చెమటకు నా గుండుకు అంటుకుంటున్నయ్, నాకు సోయి లేదు. తీగెలు వదులు చేసి, పీట పీకి, రబ్బరు గీకి పారేసి, పీటను ఉత్తగనే పలక మీద కూసోవెట్టి మూడు తీగెలు మళ్ల ఎక్కిచ్చిన. తీగెల నూనె కొత్త పంచె కొంగుతోటి తుడ్సిన.

మీటిన. ఈసారి సప్పుడు వచ్చింది. గని బోసిగున్నది. పల్లెం కొట్టినట్టు టంగుమని ఆగిపోతుంది. నర్సయ్య కాక ఒంగి పీట దిక్కు చూసిండు.

“తీగెల కింద పోగులుండాలె గదరా, ఏవి?”

“చెత్త అనుకోని పారేసిన కాకా.”

కాక దారం కావాలన్నడు, నూలు దారం. చూడుండ్రి నా కర్మ! బట్ట నేసే సాలోళ్ల ఇంట్ల దారం కోసం ఎతుకులాట! ముంగట కుప్ప పోసిన వేస్ట్‌ల చూస్తె అంత పాలిస్టర్, తీగె కింద పెడితె జారి పోతుంది. మగ్గాలు పోయినంక ఊర్ల నూలు పోగెక్కడిది? ఆఖరికి కాకనే తన పాత కండువ అంచు నుంచి మూడు పోగులు గుంజి ఇచ్చిండు. ఒక్కొక్క తీగె కింద పెట్టి, మీటుకుంట, వెంట్రుక వాసి ముంగటికి జరిపిన, ఎనుకకు జరిపిన.

జుమ్మ్...మ్మ్...మ్మ్...

వచ్చింది! తీగె పోగు మీద రాసుకుంట మాటాడినట్టు, తేనెటీగలు ముసిరినట్టు. సాంచెల సప్పుడు లేని గా వాకిట్ల అది గోడలదాక పోయింది. బుర్ర మీద చెయ్యి పెట్టిన. వణుకుతుంది. పసిపోరని ఈపు తీరు ఎచ్చగ వణుకుతుంది. నవ్వులు ఆగినయ్. పోరగాండ్లు గూడ సప్పుడు చేస్తలేరు. నాకు బాపు పక్కనే కూసున్నట్టయింది. ఏడుపొచ్చింది. ఎందుకు అబద్ధమాడాలె, మస్తు ఏడ్సిన.

గప్పుడు అవ్వ లేసింది. గోడ ఇడిసి నా కాడికి వచ్చింది. ముంగట కూసోని తంబూరను చూసింది, పక్కన గుట్ట తీరు ఉన్న వేస్ట్‌ను చూసింది, రబ్బరు ముక్కలు చూసింది. ఆఖరికి రంగురంగుల పోచులు అంటుకోని, నడుమ నెత్తుటి గీతతోటి ఉన్న నా గుండును చూసింది. పెదవి కదిలింది. నవ్వుతుందా? గదుమ వణుకుతుంది. భుజాలు వణుకుతున్నయ్. అలవాటు కొద్ది నా చేతులు ఆమె భుజాల దిక్కు పోయినయ్, పట్టుకుందామని. అక్క నా చెయ్యి మీద ఫట్టుమని ఒక్కటేసింది.

“తియ్యి చెయ్యి! నువ్వు మీటు!”

మీటిన. అవ్వ నోరు తెరిచి రాగమెత్తింది. గంత బక్క మనిషి కాడ గంత గొంతు ఎక్కడున్నదో! అందరి అవ్వలు ఏమని ఏడుస్తరు? పోయినోని మంచితనం చెప్పుకోని ఏడుస్తరు. మా అవ్వ ఎత్తుకున్నది ఇనుండ్రి.

“ఓ పిల్లల బాపో... జర లేసి చూడవయ్యో... నీ తంబూర కడుపుల నీ కొడుకు చెత్త గుక్కిండయ్యో...”

నా చెయ్యి ఆగింది. “ఆపకు” అన్నడు కాక.

“పీట కింద రబ్బరు పెట్టిండయ్యో... రబ్బరు పెట్టి దాని గొంతు పిసికిండయ్యో... నీ లగ్గపు గడియారం ఇప్పిండయ్యో... ఇప్పిన గడియారం మూటగట్టిండయ్యో... గంగాళం బాగు చేస్తనన్నడయ్యో... ఉన్న గంగాళానికి బొక్క పెట్టిండయ్యో...”

ఆడోళ్లు వచ్చి ఆమె మీద వడ్డరు. అక్క వడ్డది, మా ఇంటామె వడ్డది. నవ్వినోళ్లే ఏడుస్తున్నరు, ఏడ్సుకుంట నడుమ నడుమ నవ్వుతున్నరు. అవ్వ కండ్ల నీళ్లు ధారగ కారుతున్నయ్. అది చూసి నాకు ఛాతి మీది బండ దిగినట్టయింది.

“నేను మొత్తుకుంటుంటె ఊకో అన్నడయ్యో... నా నోటికి గూడ రబ్బరు పెట్టిండయ్యో...”

గీ మాటకు నాకు దుఃఖమాగలే. కండ్లు మసకలయి తీగెలు కనవడుతలేవు. అవ్వ కాళ్లు వట్టుకుందామని తంబూర పక్కకు పెట్టవోయిన. అవ్వ ఏడుపు ఆపి, పది దినాలకు నాతోటి మొదటి మాట మాట్లాడింది.

“ఏయ్! శ్రుతి ఆపకు రా!” అన్నది. మళ్ల ఎత్తుకుంది.

ఇగ ఏం జేస్త? నా తెలివి తక్కువ పనులు ఒక్కొక్కటి రాగంల వస్తున్నయ్, వాటికి నేనే తంబూర మీటుకుంట కూసున్న. సైకిల్ అయింది, రేడియో అయింది, నేను ఎక్కిన చెట్టు, పడ్డ బాయి అయినయ్. ఇంటామె ఏడ్సుడు ఆపి చెవులు రిక్కిచ్చి ఇంటుంది. అవ్వ నా లగ్గం దాక వచ్చింది. ఏళ్లు బొబ్బలెక్కినయ్. వాకిలంత వణుకుతుంది, అవ్వ వణుకుతుంది, తంబూర వణుకుతుంది, నేను వణుకుతున్న. నా బతుకుల మొదటిసారి, మంచిగ నడుస్తున్న దాన్ని ముట్టకుంట ఊకున్న.